మైకు ఆగిపోయిన మాస్టారు: కొత్త ఎంపీ ఒకాయన కేస్ స్టడీ

తొమ్మిదేళ్ళ నుంచి ఢిల్లీలో ఎంపీల దగ్గర లెజిస్లేటివ్ అసిస్టెంట్‌గా చేస్తున్నా. పేరు పెద్దగా ఉంటుంది గానీ పనేంటంటే ప్రశ్నలు రాయడం, స్పీచ్‌లు రాయడం, బిల్లు కాపీ చేతికొచ్చిన రాత్రి కూర్చుని చదివి పొద్దున్నకల్లా రెండు పేజీల నోట్ చేసి పెట్టడం, మధ్యలో నియోజకవర్గం నుంచి ఎవరైనా వస్తే ఆంధ్రా భవన్‌కి తీసుకెళ్ళి భోజనం పెట్టించడం. ఈ లైన్‌లోకి కొత్తగా వచ్చే పిల్లలు నన్ను అడిగేది ఒకటే, "అక్కా, మా సార్ మొదటి ఏడాదికే డీలా పడిపోయారు, ఏం చెయ్యాలి" అని. ప్రతిసారీ ఫోన్లో ముక్కలు ముక్కలుగా చెప్పే బదులు ఒక కేసు పూర్తిగా రాసేద్దామనిపించింది.

పేరు, పార్టీ, జిల్లా, ఎన్నో లోక్‌సభ అన్నది చెప్పను. ఆంధ్రా డెల్టా వైపు అనుకోండి చాలు. గుర్తుపట్టే వివరాలు మార్చాను, జరిగిన వరస మాత్రం మార్చలేదు. ఆయన్ని ఇక్కడ మాస్టారు అంటా. రాసింది ఆయనకి చదివి వినిపించాను కూడా, ఒకచోట కొట్టెయ్యమన్నారు, కొట్టేశా.

మనిషి

ముప్పై ఏళ్ళు జూనియర్ కాలేజీలో సివిక్స్ చెప్పారు. రిటైరయ్యాక ఆత్మహత్య చేసుకున్న కౌలు రైతుల ఇళ్ళకి తిరిగి ఎక్స్‌గ్రేషియా కాగితాలు రాసిపెట్టేవారు, ఫీజు లేదు ఏమీ లేదు, టీ ఇస్తే తాగేవారు. టికెట్ ఎలా వచ్చిందంటే పార్టీలో రెండు గ్రూపులు కొట్టుకుని ఒకళ్ళకిస్తే ఇంకొకళ్ళు ఓడిస్తామన్నారు, మధ్యలో ఎవరికీ శత్రువు కాని మనిషి కావాల్సొచ్చి ఈయన దొరికారు. గాలి కూడా కలిసొచ్చి గెలిచేశారు.

మొదటిసారి ఢిల్లీ వచ్చినప్పుడు ఒక లాంగ్ నోట్‌బుక్ తెచ్చారు. ప్రచారంలో ఏడు అసెంబ్లీ సెగ్మెంట్లలో జనం చెప్పిన సమస్యలన్నీ మండలాల వారీగా గుండ్రటి చేతిరాతతో రాసుకున్నారు, మొత్తం 61. పక్కన ఒక కాలమ్ ఖాళీగా వదిలారు. పని అయితే ఎర్ర పెన్నుతో టిక్ పెడతారట, పేపర్లు దిద్దినట్టు. అందులో మొదటిది, రెండుసార్లు అండర్‌లైన్ చేసింది, "కౌలు రైతుకి చట్టం".

ఆయన మనసులో ఉన్న పార్లమెంటు 1952 నాటిది. సుందరయ్య గారు సైకిలెక్కి రాజ్యసభకి వెళ్ళిన కాలం. ఆ మొదటి లోక్‌సభ అయిదేళ్ళలో 677 రోజులు కూర్చుంది, మొన్నటి పదిహేడోది 274 రోజులు. ఈ అంకెలు మొదటి వారంలోనే చెప్పుంటే బాగుండేది, నేను చెప్పలేదు. ఉత్సాహంగా ఉన్న మనిషి మీద చన్నీళ్ళు పొయ్యడం ఎందుకులే అనుకున్నా. మొదటి తప్పు నాదే.

సమస్య

మూడో సెషన్‌లో ఒక రాత్రి పదకొండున్నరకి ఫోన్ చేసి "అమ్మా, రిజైన్ లెటర్ ఫార్మాట్ ఎలా ఉంటుంది" అన్నారు.

ఆ రోజు జరిగింది ఇది. జీరో అవర్, అంటే పన్నెండు గంటలకి అర్జంటు విషయాలు లేవనెత్తే టైమ్, దాని కోసం ఎనిమిది రోజులుగా నోటీసు ఇస్తున్నాం. గడువులోపు ఇచ్చిన నోటీసుల్ని బ్యాలెట్, అంటే లాటరీ, తీస్తారు, పేరొచ్చినా సభ నడవాలి. రెండుసార్లు పేరొచ్చింది, రెండుసార్లూ పన్నెండు దాటి నాలుగు నిమిషాలు కాకుండానే వాయిదా. మూడోసారి దొరికింది. తెలుగులో మాట్లాడతానని ముందే చెప్పి ఇంటర్‌ప్రెటర్‌ని పెట్టించాం. లేచి, "అధ్యక్షా, కౌలు రైతు అంటే ఎవరో ఈ సభకి ముందు చెప్పాలి" అని మొదలెట్టి, క్లాస్‌రూమ్ అలవాటు కదా, నిర్వచనం దగ్గర్నుంచి వచ్చారు. అసలు డిమాండ్ దగ్గరికి రాకముందే టైమ్ అయిపోయి మైక్ ఆగింది, తర్వాతి పేరు పిలిచారు. సాయంత్రానికి ఆ క్లిప్పు నియోజకవర్గం గ్రూపుల్లో తిరిగింది, కింద నవ్వుతున్న బొమ్మలు. మాస్టారి శిష్యుడొకడు ఆయనకే పంపాడు.

ఆ రాత్రి గంటసేపు విన్నాను. వింటూ ఒక కాగితం మీద రాసుకున్నా. ఆయన ఒకటే బాధ అనుకుంటున్నారు గానీ అందులో నాలుగున్నాయి: మాట్లాడే టైమ్ దొరకట్లేదు, ఇచ్చిన మాట ప్రకారం చట్టం తేలేకపోతున్నా, పార్టీ చెప్పినట్టు చెయ్యెత్తాల్సి వస్తోంది, పొద్దున్నే గుమ్మం దగ్గర జనం సిఫారసు లెటర్ల కోసం తప్ప దేనికీ రావట్లేదు. నాలుగూ కలిపి "రాజకీయం కుళ్ళిపోయింది" అయిపోయింది. కుళ్ళిపోయింది అంటే ఎవడూ ఏం చెయ్యలేడు. విడదీస్తే కొన్నిటికైనా దారుంటుంది. అందుకని లెటర్ ఫార్మాట్ పంపలేదు, రేపు సాయంత్రం నోట్‌బుక్ తీసుకుని కూర్చుందాం సార్ అన్నా.

చేసి చూసినవి, పోయినవి

మొదట బిల్లు గోల. ప్రైవేట్ మెంబర్ బిల్లు, అంటే మంత్రి కాని సభ్యుడు పెట్టే బిల్లు, పెడదామన్నారు, పేరు కూడా రెడీగా ఉంది. నేను చరిత్ర చెప్పాను, స్వాతంత్య్రం వచ్చాక చట్టాలైన ప్రైవేట్ మెంబర్ బిల్లులు 14, ఆఖరిది 1970లో. "పదిహేనోది మనదవుతుందేమో" అన్నారు, నవ్వలేదు, సీరియస్‌గానే. సరే డ్రాఫ్ట్ చేశాం. కౌలు అనేది రాష్ట్రాల జాబితాలో 18వ అంశం, భూమి, భూమి మీద హక్కులు, కౌలు వసూలు అన్నీ అక్కడే ఉంటాయి, మామూలుగా ఢిల్లీలో చట్టం చేసే అధికారం లేదు. సివిక్స్ మాస్టారికి ఇది తెలియదా అంటే తెలుసు, బోర్డు మీద వందసార్లు రాసుంటారు, కానీ మనకి కావాల్సినప్పుడు తెలిసింది కూడా కనపడదు. నేను గట్టిగా చెప్పాల్సింది, సణిగి ఊరుకున్నా. పరిశీలనలో అదే అభ్యంతరం వచ్చింది. మళ్ళీ రాశాం, ఈసారి బ్యాంకు రుణం, పంట బీమా, కేంద్రం ఇచ్చే సాయం వరకే. ఖర్చు ఉంది కాబట్టి ఫైనాన్షియల్ మెమొరాండం (ఖర్చు లెక్క చెప్పే కాగితం), చర్చకి తీసుకోవాలంటే రాజ్యాంగం 117(3) కింద రాష్ట్రపతి సిఫారసు, ఇదంతా రెండు నెలలు పట్టింది.

శుక్రవారం మధ్యాహ్నం ప్రవేశపెట్టారు. శుక్రవారం మధ్యాహ్నం సభ ఎలా ఉంటుందో చూసినవాళ్ళకి తెలుసు, సగం మంది ఎయిర్‌పోర్టులో ఉంటారు. లేచి అనుమతి అడిగారు, ఇచ్చారు, ప్రవేశపెడుతున్నానన్నారు, కూర్చున్నారు. నిమిషం కూడా పట్టలేదు. తర్వాత చర్చకి రావాలంటే మళ్ళీ బ్యాలెట్‌లో రావాలి, రాలేదు.

ఇక్కడితో అయిపోయుంటే పర్వాలేదు. ఊళ్ళో పార్టీవాళ్ళు "కౌలు రైతుల బిల్లు పెట్టిన మన ఎంపీ" అని ప్రెస్ నోట్ ఇచ్చారు, పేపర్లో లోకల్ పేజీలో పెద్దగా వచ్చింది. ఒకాయన ఆ పేపర్ కటింగ్‌ని ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని, ఆధార్, పాస్‌బుక్ జిరాక్సులతో సహా బ్యాంకుకి వెళ్ళి, చట్టం వచ్చిందంట కదా లోన్ ఇవ్వండి అన్నాడు. మేనేజర్ నవ్వాడట. ఆ మనిషి అదే కవర్ పట్టుకుని మాస్టారింటికొచ్చి, కోపంగా కూడా కాదు, "ఇది చెల్లదంటున్నారండీ, ఇంకో కాగితం ఏదన్నా ఇస్తారా" అనడిగాడు. ఆ కవర్ ఇప్పటికీ మాస్టారి టేబుల్ సొరుగులో ఉంది.

రెండోది లెటర్లు. గెలిచిన కొత్తలోనే సిఫారసు లెటర్ ఒక్కటీ ఇవ్వనని ప్రకటించేశారు. సిఫారసు అంటే క్యూలో ముందున్నవాణ్ణి వెనక్కి తొయ్యడమే అని ఆయన వాదన. నిజమే. కానీ ఒకరోజు పీఏ గారు, ఆయన తప్పేం లేదు చెప్పిన రూలు పాటించారు, ఒక తల్లిని గేటు దగ్గర్నుంచే పంపించేశారు. బిడ్డకి గుండె ఆపరేషన్, ప్రధానమంత్రి సహాయ నిధికి ఎంపీ లెటర్ కావాలి. పదిరోజుల తర్వాత ఇంకెవరి ద్వారానో తెలిసింది. బాబు బతికాడు, వేరే ఎంపీ లెటర్ ఇచ్చారు. మాస్టారు ఆ పూట అన్నం తినలేదు.

అప్పుడు రూలు మార్చాం. క్యూలో ముందుకి తోసే లెటర్ వేరు, అర్హత ఉండి కూడా క్యూలోకే రానివ్వని మనిషిని క్యూలో నిలబెట్టే లెటర్ వేరు. రెండోది ఎంతమందికైనా ఇస్తాం. మొదటిది, అంటే బదిలీలు, పోస్టింగులు, టెండర్లు, ఇవ్వం. మరి తిరుపతి దర్శనం? అది కచ్చితంగా మొదటి రకమే, కానీ తిరుపతి లెటరివ్వని ఎంపీకి మా వైపు పిల్లనివ్వరు. కాబట్టి రిజిస్టర్ పెట్టి వచ్చిన వరసలో నంబరు ప్రకారం ఇచ్చాం, పార్టీవాడైనా అంతే. ఎమ్మెల్యేల మనుషులకి కోపం వచ్చింది, ఇప్పటికీ ఉంది. దీన్ని సక్సెస్ అనను, సర్దుబాటు.

మూడోది ప్రశ్నలు, ఇది పూర్తిగా నా డిపార్ట్‌మెంట్. సభ్యుడు రోజుకి అయిదు నోటీసుల దాకా ఇవ్వొచ్చు, పదిహేను రోజుల ముందు. బ్యాలెట్‌లో తగిలితే రోజుకి నక్షత్రం గుర్తువి (మంత్రి సభలో నోటితో జవాబివ్వాల్సినవి) 20, గుర్తు లేనివి (కాగితం మీద జవాబొచ్చేవి) 230 లిస్టులోకొస్తాయి. ఆ ఇరవైలో నోటితో జవాబు దాకా వచ్చేవి అయిదో ఆరో. కొత్త ఎంపీలందరికీ నక్షత్రం ప్రశ్న మీదే మోజు, మంత్రిని నిలబెట్టి అడగొచ్చని. మాస్టారు మొదట పంపిన ప్రశ్న "కౌలు రైతుల సంక్షేమానికి ప్రభుత్వం తీసుకుంటున్న చర్యలు ఏమిటి?" జవాబు మూడు పేజీలొచ్చింది, ప్రతి స్కీము పేరూ, మొదలైన తేదీ, ఉద్దేశం. పిల్లాడు పరీక్షలో తెలియని ప్రశ్నకి కూడా రెండు అడిషనల్స్ నింపినట్టు. ఆయనే అన్నారు, "ఇలా రాసినవాడికి నేను మార్కులు వేసేవాణ్ణి కాదు". ప్రశ్న అలా అడిగాం కదా సార్ అన్నా.

కుదిరినవి

తర్వాత ప్రశ్న వేరేలా రాశాం. గత మూడేళ్ళలో ఫలానా రాష్ట్రంలో జిల్లాల వారీగా కౌలు రైతుల పేరున ఇచ్చిన పంట రుణాల ఖాతాలెన్ని, మొత్తమెంత, అదే కాలంలో మొత్తం పంట రుణాల ఖాతాలెన్ని. చర్యలు లేవు, ఉద్దేశాలు లేవు, రెండు అంకెలు పక్కపక్కన. నక్షత్రం లేకుండానే పంపించాం, మాకు కావాల్సింది మంత్రి మొహం కాదు, టేబులు.

జవాబొచ్చింది: సమాచారం సేకరిస్తున్నాం, సభ ముందు ఉంచుతాం. మాస్టారు కాగితం నా ముందు పడేసి "చూశావా, ఇది కూడా అంతే" అన్నారు. నేను ఎగిరి గంతెయ్యడం ఒక్కటే తక్కువ. ఎందుకంటే ఆ వాక్యం సభలో రాగానే అది హామీ కింద లెక్క. హామీల మీద ఒక కమిటీయే ఉంది, ప్రభుత్వ హామీల కమిటీ అని, మూడు నెలల్లో నెరవేర్చాలి, లేకపోతే గడువు పొడిగించమని శాఖే వాళ్ళని అడుక్కోవాలి. మంత్రి పూర్తి జవాబిచ్చేస్తే ఫైలు మూసేస్తారు, "సేకరిస్తున్నాం" అంటే ఫైలు తెరిచే ఉంటుంది. ఏడు నెలలు పట్టింది, అంకెల టేబులుతో అనుబంధం వచ్చింది. అంకె ఇక్కడ రాస్తే జిల్లా తెలిసిపోతుంది కాబట్టి రాయను, మాస్టారు చూసి కళ్ళజోడు తీసి తుడుచుకుని మళ్ళీ చూశారు, అంత చిన్నది.

ఇప్పుడు ఈ కాగితాన్ని ఎక్కడ వాడాలి? ఆయన జీరో అవర్ అన్నారు. నేను వద్దన్నా. సభలో రెండు నిమిషాలు చెబితే ఇంకో క్లిప్పు అవుతుంది. జిల్లాలో దిశ కమిటీ ఉంది, కేంద్ర పథకాల సమీక్షకి 2016లో పెట్టింది, దానికి ఛైర్మన్ ఎంపీ, మెంబర్ సెక్రటరీ కలెక్టర్. మూడు నెలలకోసారి జరగాలి. చాలా ఎంపీలు దాన్ని ఫొటో కోసం పెడతారు, మేమూ మొదటి రెండు మీటింగులూ అలాగే చేశాం, శాలువాలతో సహా. అక్కడికి లీడ్ బ్యాంక్ మేనేజర్ని, అంటే జిల్లాలో బ్యాంకులన్నిటినీ సమన్వయం చేసే ఆయన్ని, పిలిపించాం.

మీటింగుకి ముందు రెండు రాత్రులు తయారయ్యాం. ఈ సారి నిర్వచనాల జోలికి వెళ్ళొద్దని ఒట్టేయించుకున్నా. మూడు కాగితాలే తీసుకెళ్ళారు. ఒకటి పార్లమెంటు అనుబంధం. రెండోది బ్యాంకులు జిల్లా సమీక్షలో ఇచ్చుకున్న అంకె, దానికీ దీనికీ పొంతన లేదు. మూడోది రిజర్వ్ బ్యాంక్ కిసాన్ క్రెడిట్ కార్డు సర్క్యులర్, అందులో కౌలు రైతులు, నోటిమాట మీద కౌలు చేసేవాళ్ళు, పంటలో వాటాకి చేసేవాళ్ళు అందరూ అర్హులే అని ఉంది, ఎప్పట్నుంచో ఉంది. మేం రెండు నెలలు కూర్చుని బిల్లులో రాసినదాంట్లో సగం అక్కడే ఉందన్నమాట. మాస్టారు అరవలేదు, మేనేజర్ని నిలబెట్టి ఆ లైను చదవమన్నారు. ఆయన చదివాడు. "దీని ప్రకారం మా జిల్లాలో ఎన్ని బ్రాంచీలు చేస్తున్నాయో వచ్చే మీటింగుకి బ్రాంచీల వారీగా కావాలండీ" అన్నారు, మినిట్స్‌లో రాయించారు.

అసలు చిక్కు ఇంకా ఉంది. 2019 రాష్ట్ర చట్టం ప్రకారం సాగుదారు హక్కు కార్డు కావాలంటే భూమి యజమాని సంతకం కావాలి, ఆ కార్డు పదకొండు నెలలే. యజమాని హైదరాబాద్‌లోనో అమెరికాలోనో ఉంటాడు, సంతకం పెడితే భూమి పోతుందేమోనని భయం. అది రాష్ట్రం మార్చాల్సింది, ఎంపీ చెయ్యగలిగింది లేదు. అందుకని కార్డు అక్కర్లేని దారి చూశాం, నలుగురి నుంచి పదిమంది దాకా కలిసి ఒకరికొకరు పూచీగా ఉండే జేఎల్‌జీ (జాయింట్ లయబిలిటీ) గ్రూపులు. మూడు బ్రాంచీలు ఒప్పుకున్నాయి. మొదటి ఖరీఫ్‌లో 19 గ్రూపులు. ప్లాస్టిక్ కవర్ పట్టుకొచ్చినాయన ఆరో గ్రూపులో ఉన్నాడు.

61 సమస్యల నోట్‌బుక్ ముందు పంతొమ్మిది గ్రూపులు ఏ మూలకి, అని మీరనొచ్చు. మాస్టారూ అన్నారు. నోట్‌బుక్‌లో మొదటి లైనుకి ఆయన టిక్ పెట్టలేదు. చట్టం అని రాశాను, గ్రూపులని రాయలేదు అన్నారు.

ఇంకొకటి కుదిరింది, అది మా ప్లాన్ కాదు. రెండో ఏడాది స్థాయీ సంఘాలు (శాఖల వారీగా ఉండే పార్లమెంటు స్టాండింగ్ కమిటీలు) మళ్ళీ వేసినప్పుడు ఆయన పేరు వ్యవసాయ కమిటీలో పడింది. 31 మంది, లోక్‌సభ నుంచి 21, రాజ్యసభ నుంచి 10. కెమెరా ఉండదు, విప్ (ఇలాగే ఓటెయ్యాలన్న పార్టీ ఆదేశం) ఉండదు. లోపలి సంగతులు బయట చెప్పకూడదు, మాలాంటివాళ్ళని లోపలికి రానివ్వరు కూడా. నాకు తెలిసింది మొదటి రోజు సాయంత్రం బయటికొచ్చినప్పటి ఆయన మొహమే. "గంటన్నరసేపు ఒక్కళ్ళూ అరవలేదమ్మా. నేనడిగిన దాన్నే అవతలి పార్టీ ఆయన ఇంకా బాగా అడిగాడు" అన్నారు. ఇంతకాలం ఆయన వెతుకుతున్న 1952 ఆ కమిటీ రూములో ఉంది, టీవీలో రాదు కాబట్టి ఎవరికీ తెలియదు.

విప్

దీనికి నా దగ్గర మందు లేదు, ఉన్నది ఉన్నట్టు రాస్తా.

ఒక బిల్లు. ఏదో చెప్పను. మూడు గీతల విప్ వచ్చింది, అంటే తప్పనిసరిగా వచ్చి పార్టీ చెప్పినట్టు ఓటెయ్యాల్సిందే. మాస్టారికి అది తప్పనిపించింది, నాకూ అనిపించింది. దారులన్నీ కాగితం మీద రాశాం. వ్యతిరేకంగా ఓటేస్తే పదో షెడ్యూల్, అంటే ఫిరాయింపుల నిరోధక చట్టం, కింద సీటు పోవచ్చు. గైర్హాజరైతే? ముందుగా అనుమతి లేకుండా ఓటింగుకి దూరంగా ఉన్నా అదే లెక్క, పదిహేను రోజుల్లో పార్టీ క్షమిస్తే తప్ప. "జ్వరం వచ్చిందని చెప్తే" అన్నారు, చెప్పి నా వంక చూడలేదు. విప్‌ని విశ్వాస తీర్మానంలాంటి వాటికే పరిమితం చెయ్యాలని 1990లోనే దినేష్ గోస్వామి కమిటీ చెప్పింది, చెప్పి అక్కడే ఉంది. సభలో మా పార్టీ ఫ్లోర్ లీడర్‌కి రెండు పేజీల నోట్ ఇచ్చాం, పార్టీ మీటింగులో మూడు నిమిషాలిచ్చారు, విన్నారు, లేదన్నారు.

నేను "ఉండండి సార్, ఓటెయ్యండి" అన్నా. నా లెక్క ఇది, దిశ మీటింగు ఇంకో నెలలో ఉంది, బ్రాంచీల లిస్టు రావాలి, ఈయన లేకపోతే ఆ కుర్చీలో కూర్చునేవాళ్ళు లిస్టు అడగరు. ఈ లెక్క ఎంత ప్రమాదమో నాకు తెలుసు, ప్రతి బిల్లుకీ ఏదో ఒక లిస్టు ఉంటుంది. అందుకే ఇంకొకటి చేశాం, ఏ మూడు విషయాల మీద విప్ వస్తే సీటొదిలేస్తారో ఆయన్నే రాయమన్నా, చల్లగా ఉన్నప్పుడే. రాసి, కవర్లో పెట్టి, భార్యకిచ్చారు. నాకు చూపించలేదు, నేను అడగలేదు. ఈ బిల్లు అందులో లేదన్నారు.

రెండు రాత్రులు నిద్రపోలేదు మనిషి. ఆకుపచ్చ (అవును) బటన్ నొక్కాలా, పసుపుదా (ఏ పక్కా కాదు) అని. తీరా ఆ రోజు డివిజన్ (బటన్లు నొక్కించి ఓట్లు లెక్కపెట్టడం) కావాలని ఎవరూ పట్టుబట్టలేదు. మూజువాణి ఓటు. అనుకూలురు అవును అనండి, గోలగా అవునన్నారు, కాదనేవాళ్ళు వెల్‌లో, స్పీకర్ కుర్చీ ముందు, నిలబడి అరుస్తున్నారు, బిల్లు పాసైంది. బటన్ల దాకా రానేలేదు. ఆయన నోరు విప్పారో లేదో ఏ రికార్డులోనూ ఉండదు. కార్లో కూర్చున్నాక "ఇంతేనా" అన్నారు.

కొత్తగా వచ్చే అసిస్టెంట్లకి

మీ సార్ ఏం చెయ్యాలనుకుంటున్నారో అడిగే ముందు అది ఎవరి జాబితాలో ఉందో చూడండి, కేంద్రమా రాష్ట్రమా, లేక ఇప్పటికే ఏదో సర్క్యులర్‌లో పడుందా. నేను ఈ పని మొదటి వారంలో చేసుంటే ఆ పేపర్ కటింగ్ అచ్చయ్యేది కాదు. ప్రెస్ నోట్ మీరు చూడకుండా బయటికి పోనివ్వకండి, "ప్రవేశపెట్టారు" అంటే ఊళ్ళో "వచ్చేసింది" అనే అర్థం. డీలా పడ్డ రోజున మోటివేషన్ మాటలు చెప్పకండి, బాధని విడదీసి కాగితం మీద పెట్టండి, వాళ్ళకంటే మీకే ముందు అర్థమవుతుంది. విప్ గురించి గొడవ రాకముందే మాట్లాడండి, వచ్చిన రాత్రి ఎవరి బుర్రా పనిచెయ్యదు. ఇక ప్రశ్నలో "చర్యలేమిటి" అన్న మాట కనపడితే కొట్టెయ్యండి.

ఈ ఖరీఫ్‌కి పంతొమ్మిదిలో నాలుగు గ్రూపులు విడిపోయాయి, ఒకడు ఎగ్గొట్టి ఊరొదిలి వెళ్తే మిగతావాళ్ళు కట్టుకున్నారు. కొత్తవి పదకొండు వచ్చాయి. వచ్చే సెషన్ ప్రశ్నలకి నోటీసు గడువు ఎల్లుండి. నాలుగు అయ్యాయి, అయిదోది మాస్టారు నిన్న రాత్రి వాట్సాప్‌లో పంపారు, చేత్తో రాసి ఫొటో తీసి. "డెల్టా కాలువల పూడికతీతకు ప్రభుత్వం తీసుకుంటున్న చర్యలు ఏమిటి?" ఎర్ర ఇంకుతో దిద్ది వెనక్కి పంపా. ఇంకా బ్లూ టిక్ పడలేదు.